గుంటూరులో నా ఫ్రెండ్‌ని ఇంట్లోంచి బయటికి రానివ్వట్లేదు. హెబియస్ కార్పస్ నేను వేయొచ్చా?

కొరిటెపాడు అమ్మాయి · మంగళవారం రాత్రి 10:40

అందరికీ నమస్కారం. నేను ఇక్కడ చదవడమే కానీ ఎప్పుడూ రాయలేదు. ఇవాళ రాయక తప్పట్లేదు.

నా ఫ్రెండ్‌కి 23 ఏళ్లు. బీటెక్ నుంచీ మేమిద్దరం ఒకే రూమ్. ఉద్యోగాలు విజయవాడలో, హాస్టల్ బెంజి సర్కిల్ దగ్గర. పద్దెనిమిది రోజుల క్రితం వాళ్ల నాన్నకి ఒంట్లో బాలేదని ఫోనొస్తే గుంటూరు వెళ్లింది. ఆ రాత్రి పదకొండింటికి "నాన్న బానే ఉన్నారు, ఫోన్ తీసేసుకుంటారేమో" అని ఒక్క మెసేజ్ పెట్టింది. అంతే, అప్పట్నుంచి స్విచ్చాఫ్. తను ఒకబ్బాయిని పెళ్లి చేసుకుందామనుకుంటోంది. కులం వేరు. ఇంట్లో తెలిసిపోయింది.

మొన్న ఆదివారం వాళ్లింటికి వెళ్లాను. వాళ్లమ్మ గారు గేటు తీయకుండానే మాట్లాడారు. అమ్మమ్మ వాళ్లూరు వెళ్లిందన్నారు. నేను తలెత్తి చూస్తే మేడ మీద దండేనికి తన పసుపు చుడీదార్ ఆరేసి ఉంది. వెళ్లిన రోజు వేసుకెళ్లింది అదే. అంచుల్లోంచి ఇంకా నీళ్లు కారుతున్నాయి. అమ్మమ్మ ఊళ్లో ఉన్న మనిషి బట్టలు ఇక్కడ తడిగా ఎందుకుంటాయి?

స్టేషన్‌కి వెళ్తే "కన్నవాళ్ల దగ్గరుంటే కేసేంటమ్మా" అని పంపించేశారు. హైకోర్టులో హెబియస్ కార్పస్ వేయొచ్చని ఆఫీసులో ఒకరు చెప్పారు. నేను చుట్టాన్ని కాను కదా, నాకు ఆ హక్కు ఉంటుందా? ఆ అబ్బాయి వేస్తే వాళ్లు ఇంకా మొండికేస్తారేమోనని భయం. రాత్రుళ్లు నిద్ర పట్టట్లేదు. దయచేసి తెలిసినవాళ్లు చెప్పండి.

మంగళగిరి వకీలు · మంగళవారం రాత్రి 11:25

ధైర్యంగా ఉండమ్మా. మీరు వేయొచ్చు. నిర్బంధంలో ఉన్న మనిషి తనంతట తను కోర్టుకి రాలేదు కాబట్టి ఆమె తరఫున ఫ్రెండ్ అయినా రావచ్చు. రాజ్యాంగం 226వ అధికరణం కింద మన హైకోర్టులోనే. 2024 మార్చి 11న దేవు జి. నాయర్ కేసులో సుప్రీంకోర్టు హైకోర్టులన్నిటికీ కొన్ని మార్గదర్శకాలు ఇచ్చింది. పిటిషన్ వేసినవాళ్లకీ ఆ మనిషికీ ఉన్న సంబంధం ఎలాంటిదని గుచ్చి గుచ్చి అడగొద్దని, ఇలాంటి కేసులు ముందుగా వినాలని అందులో ఉంది.

పేరు లాటిన్‌ది కానీ సంగతి చిన్నది. "ఆ మనిషిని తెచ్చి మా ముందు నిలబెట్టండి" అంటుంది కోర్టు. నిలబెట్టాక అడిగేది కూడా ఒక్కటే: అక్కడ నీ ఇష్టంతో ఉన్నావా, లేదా? అబ్బాయి మంచివాడా, జీతమెంత, కులమేంటి, ఇవన్నీ ఆ బెంచ్ ముందుకి రావాల్సిన విషయాలు కావు. మేజరైన మనిషి నోటి మాటే అక్కడ సాక్ష్యం.

ఇప్పుడు పని చెప్తాను. నోటితో చెప్తే పంపించేశారు కాబట్టి రేపు పొద్దున్నే కాగితం మీద రాసి ఇవ్వండి. తీసుకోకపోతే అదే కాగితం గుంటూరు ఎస్పీ గారికి స్పీడ్ పోస్టులో పంపండి. రసీదు దాచుకోండి. కోర్టులో మొదట వచ్చే ప్రశ్న "పోలీసుల దగ్గరికి వెళ్లారా" అనే. ఆ మెసేజ్ స్క్రీన్‌షాట్, ఆఫీసులో ఎన్ని రోజులుగా రావట్లేదో తెలిపే హాజరు వివరం, మీరు గేటు దగ్గర చూసిందీ విన్నదీ తేదీ, టైముతో రాసి పెట్టుకోండి. మేడ మీది చుడీదార్ సంగతి కూడా. అఫిడవిట్‌లో అలాంటి మాటకి విలువ ఎక్కువ. ఎక్కడో ఉందని అనుమానం ఉంటే చాలదు, ఫలానా ఇంట్లో ఫలానావాళ్లు ఉంచారని చూపించాలి. ఈ రిట్, అంటే ఈ కోర్టు ఆదేశం, హక్కే కానీ అడిగిన ప్రతివాళ్లకీ యథాలాపంగా ఇచ్చేది కాదు.

ఇంకో దారి కూడా ఉంది. క్రిమినల్ కేసులు ఎలా నడపాలో చెప్పే కొత్త చట్టం బీఎన్ఎస్ఎస్‌లో సెక్షన్ 100, దాని పాత చట్టం సీఆర్‌పీసీలో 97. అక్రమంగా బంధించారని నమ్మడానికి కారణం ఉంటే ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేట్ గానీ, ఆర్డీఓ గారు గానీ సెర్చ్ వారెంట్ ఇవ్వొచ్చు. కొన్నిసార్లు అదే త్వరగా అవుతుంది.

భవానీపురం బాబాయ్ · బుధవారం ఉదయం 6:50

నేను ఇద్దరాడపిల్లల తండ్రిని. అందుకే రాస్తున్నా, తప్పుగా అనుకోకండి. ఇరవై మూడేళ్లు పెంచినవాళ్లని పద్దెనిమిది రోజుల్లో నేరస్థుల్ని చేసి కోర్టుకి ఈడుస్తారా? అబ్బాయిల చేతుల్లో మోసపోయి వెనక్కి వచ్చిన పిల్లల్ని మా వీధిలోనే చూశాను. కన్నవాళ్లు భయపడి నాలుగు రోజులు ఇంట్లో ఉంచితే అది నిర్బంధమా? ముందు పెద్దమనుషుల్ని పంపించి మాట్లాడించండి. కోర్టు మెట్లెక్కాక మళ్లీ ఆ ఇంట్లో అమ్మా అని పిలిచే దారి ఉండదు.

పటమట అక్క · బుధవారం ఉదయం 9:15

బాబాయ్ గారూ, మీ భయం నాకు అర్థమవుతుంది. మా నాన్నదీ అదే భయం. కానీ గది లోపలున్న మనిషి సంగతి ఒక్కసారి వినండి.

నన్ను ఇరవై ఆరు రోజులు ఉంచారు. కొట్టలేదు. అన్నం వేళకే పెట్టారు. మా అమ్మ కంచంలో నాకిష్టమైన గోంగూర వేసి తెచ్చేది. గడియ మాత్రం బయట ఉండేది. అంతకుముందు మా తలుపుకి బయటివైపు గడియే లేదు. నా కోసం కొత్తగా కొట్టించారు. ఆ వడ్రంగి సుత్తి చప్పుడు నేను లోపల కూర్చుని విన్నాను. బాత్రూమ్‌కి వెళ్లాలంటే తలుపు కొట్టి అడగాలి. చదువుకున్నదాన్ని, ఉద్యోగం చేసేదాన్ని, అమ్మని అడిగి బాత్రూమ్‌కి వెళ్లేదాన్ని. ప్రేమగా చేసినా అది నిర్బంధమే బాబాయ్ గారూ.

పెద్దమనుషులు వచ్చారు. హాల్లో కూర్చుని నా పెళ్లి గురించి మూడు గంటలు మాట్లాడారు. నన్ను ఒక్కసారి కూడా బయటికి పిలవలేదు. వేరే సంబంధానికి ముహూర్తం పెట్టేశారు. పెళ్లి జాకెట్లు కుట్టించడానికి ఆది జాకెట్టు కావాలని అమ్మ అడిగింది. నేను ఇచ్చాను. చేతి మడతలో చీటీ పెట్టి, ఒక కుట్టు వేసి ఇచ్చాను. మా టైలరమ్మ ఆ కుట్టు విప్పుతుందని తెలుసు, తను కుట్టింది కాదు కదా. ఆవిడే ఆ చీటీ పట్టుకుని మా కొలీగ్ ఇంటికి వెళ్లింది. ఆవిడకి చదువు రాదు. ఎవరితో చదివించాలో, ఎవరితో చదివించకూడదో మాత్రం తెలుసు.

కొలీగే పిటిషన్ వేసింది. చెల్లీ, నువ్వు ఎవరివని అడిగితే "ఆ అమ్మాయి రూమ్‌మేట్‌ని" అని చెప్పు చాలు. పెళ్లి తేదీ ఏమైనా అనుకుంటున్నారేమో కనుక్కో. తేదీ దగ్గర్లో ఉంటే మీ లాయర్ గారికి చెప్పు, అదే రోజు వినమని లంచ్ మోషన్ అడుగుతారు. సెలవు రోజైతే హౌస్ మోషన్.

కొరిటెపాడు అమ్మాయి · బుధవారం మధ్యాహ్నం 1:30

అక్కా, ఇది ఆఫీసులో చదివి ఏడ్చేశాను. స్టేషన్‌లో కాగితం ఇచ్చాను, రసీదు ఇవ్వలేదు. ఎస్పీ గారికి పోస్టు చేశాను. లాయర్ ఫీజు సంగతి ఎవరికైనా తెలుసా? మా ఇద్దరి జీతాలూ అంతంతమాత్రమే.

మంగళగిరి వకీలు · బుధవారం మధ్యాహ్నం 2:05

ఫీజు టెన్షన్ వద్దమ్మా. 1987 న్యాయ సేవల చట్టం ప్రకారం ఆడవాళ్లకి ఆదాయంతో సంబంధం లేకుండా ఉచితంగా లాయర్‌ని ఇస్తారు. 15100కి ఫోన్ చేయండి. హైకోర్టులోనే న్యాయ సేవల కమిటీ ఉంది. అక్కడ అప్లికేషన్ పెట్టుకోవచ్చు. ఈలోపు ఆమెకి ప్రాణభయం ఉందనిపిస్తే ఆగకండి, 112 గానీ 181 గానీ.

సత్యనారాయణపురం మాస్టారు · బుధవారం సాయంత్రం 5:40

ఈ చర్చ చూస్తుంటే ఒక మాట చెప్పాలనిపిస్తోంది. మా తరానికి హెబియస్ కార్పస్ అంటే పౌరహక్కుల లాయర్లు కన్నబిరాన్ గారు గుర్తొస్తారు, బాలగోపాల్ గారు గుర్తొస్తారు. అర్ధరాత్రి జీపులో ఎవరినో తీసుకెళ్లారని తెలిస్తే తెల్లారేసరికి కోర్టులో పిటిషన్ పడాలి. ఆలస్యమైతే మనిషి మిగలడని భయం. ఎమర్జెన్సీలో ఆ తలుపు కూడా మూసేశారు. 1976 ఏప్రిల్ 28న సుప్రీంకోర్టులో ఐదుగురిలో నలుగురు జడ్జీలు అప్పటికి ఈ రిట్ అడిగే హక్కే లేదన్నారు. జస్టిస్ హెచ్.ఆర్. ఖన్నా ఒక్కరే కాదన్నారు. ఆ తీర్పు తప్పని సుప్రీంకోర్టు తనే చెప్పడానికి 2017 దాకా పట్టింది.

కేరళలో రాజన్ అనే ఇంజనీరింగ్ విద్యార్థిని 1976 మార్చిలో పోలీసులు పట్టుకెళ్లారు. ఎమర్జెన్సీ పోయాక 1977లో వాళ్ల నాన్న ఈచర వారియర్ గారు హైకోర్టులో ఈ రిట్టే వేశారు. కొడుకుని తెచ్చి చూపించమని కోర్టు చెప్పింది. చూపించడానికి కొడుకు లేడు, కస్టడీలోనే చనిపోయాడు. నేను పిల్లలకి పౌరశాస్త్రం చెప్పినన్నాళ్లూ ఆ పాఠం దగ్గర గొంతు పట్టేసేది.

అలా ఎందరో తండ్రులు పిల్లల కోసం పోరాడి కాపాడుకున్న హక్కు ఇది. ఇవాళ అదే హక్కుని తండ్రి ఇంటి మీద వాడాల్సి రావడం నాకు కష్టంగానే ఉంది. అయినా వాడాల్సిందేనంటాను. తాళం ఎవరు వేసినా లోపలున్న మనిషికి తాళం తాళమే. భవానీపురం వారూ, మీ పిల్లల పేరు తలుచుకుని ఆ పటమట అమ్మాయి రాసింది ఇంకోసారి చదవండి.

పాప కోసం · బుధవారం రాత్రి 9:10

నాదీ ఇలాంటిదే కానీ వేరు. మా పాపకి మూడున్నరేళ్లు. మా వారు పండక్కి తీసుకెళ్లి నరసరావుపేటలో వాళ్లమ్మ దగ్గర పెట్టేశారు. నెలైంది. వీడియో కాల్ కూడా చేయనివ్వట్లేదు. పాప పడుకునేటప్పుడు నా చెవి తమ్మె పట్టుకుని పడుకుంటుంది. ఇప్పుడెవరి చెవి పట్టుకుంటోందో. నేనూ హెబియస్ కార్పస్ వేయొచ్చా? సెర్చ్ వారెంట్ అడగొచ్చా?

మంగళగిరి వకీలు · బుధవారం రాత్రి 10:30

సెర్చ్ వారెంట్ దారిలో వెళ్లకండమ్మా. తండ్రి దగ్గరున్న బిడ్డకి ఆ సెక్షన్ వర్తించదని సుప్రీంకోర్టు 1998లోనే చెప్పింది. అక్కడ రెండు నెలలు పోతాయి, చేతికి ఏమీ రాదు.

హెబియస్ కార్పస్ వేయొచ్చు, కానీ పెద్దవాళ్ల కేసులా ఉండదు. మూడున్నరేళ్ల పాప తన ఇష్టం చెప్పలేదు కదా. కాబట్టి పాపకి ఏది మేలు అన్నదే కోర్టు చూస్తుంది. 2019లో తేజస్విని గౌడ్ కేసు వచ్చింది. తల్లి చనిపోయిన పసిపాపని తల్లి తరఫువాళ్లు అట్టిపెట్టుకుంటే తండ్రి ఈ రిట్ వేసి తెచ్చుకున్నాడు. 2020లో యశితా సాహు కేసులో బిడ్డ తల్లిదండ్రుల్లో ఒకరి దగ్గరున్నా హైకోర్టు ఈ రిట్ వినొచ్చని చెప్పారు. మీకు కలిసొచ్చేది ఇంకోటుంది. 1956 హిందూ మైనారిటీ, గార్డియన్‌షిప్ చట్టం ప్రకారం ఐదేళ్ల లోపు బిడ్డ మామూలుగా తల్లి దగ్గరే ఉండాలి. పాప ఇన్నాళ్లూ మీ దగ్గరే పెరిగిందని చూపించే ఆధారాలు తీయండి: టీకాల కార్డు, ప్లేస్కూల్ ఫీజు రసీదులు.

లోతుగా సాక్ష్యాలు కావాల్సి వస్తే ఫ్యామిలీ కోర్టుకి వెళ్లమంటారు. అక్కడ 1890 గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం కింద పిటిషన్. అది నెలల పని. అందుకని రెండూ మీ లాయర్‌తో కూర్చుని మాట్లాడండి. ఒక్క మాట, పాపని మీరు వెళ్లి ఎత్తుకొచ్చేయకండి. బాధలో చాలామంది చేస్తారు. ఆ తర్వాత తప్పు మీ వైపు చూపిస్తారు.

నైట్ డ్యూటీ నర్సు · గురువారం తెల్లవారుజామున 3:20

డ్యూటీ మధ్యలో రాస్తున్నాను. కొన్ని ఇళ్లల్లో గది తాళం బదులు "పిల్లకి మతి బాలేదు" అని మానసిక చికిత్స వార్డులో చేర్పిస్తారు. ప్రేమ జబ్బు కాదని మా డాక్టర్లే వెనక్కి పంపించిన కేసులు చూశాను. అందరూ అలా పంపించరు. 2017 మానసిక ఆరోగ్య చట్టం ప్రకారం మనిషి ఇష్టం లేకుండా చేర్చుకోవాలంటే ఇద్దరు నిపుణులు విడివిడిగా పరీక్షించాలి, మొదటి విడతలో 30 రోజులకి మించి ఉంచకూడదు. ఆడమనిషినైతే చేర్చుకున్న మూడు రోజుల్లోపు రివ్యూ బోర్డుకి తెలియజేయాలి. కొరిటెపాడు చెల్లీ, మీ ఫ్రెండ్ ఇంట్లో లేదని తేలితే ఈ వైపు కూడా వెతకమని పిటిషన్‌లో రాయించు.

తెనాలి నాన్న · గురువారం ఉదయం 8:00

నేను అవతలివైపు మనిషిని. ఐదేళ్ల క్రితం ఈ పిటిషన్ వేసిన తండ్రిని.

మా అమ్మాయికి అప్పుడు 19. డిగ్రీ కాలేజీకి వెళ్లి తిరిగి రాలేదు. నాలుగు రోజులకి తెలిసింది, ఒకబ్బాయితో వెళ్లిందని. వాడికి అప్పటికి ఇరవై నిండలేదు. అబ్బాయికి 21 రాలేదు కాబట్టి పెళ్లి చెల్లదు, పిల్ల ఇంటికొచ్చేస్తుందని మావాళ్లందరూ అన్నారు. నేనూ అదే నమ్మి వేశాను. కానీ 2018లోనే నందకుమార్ కేసులో, అబ్బాయికి 21 రాకపోయినా మేజరైన ఇద్దరూ కలిసి ఉండొచ్చని సుప్రీంకోర్టు చెప్పిందట. ఆ సంగతి మా లాయర్ గారు నాకు కారిడార్‌లో చెప్పారు.

విచారణ రోజు కరకట్ట మీదుగా నేలపాడులోని హైకోర్టుకి వెళ్లాను. మా పాప కళ్లజోడు లేకుండా దూరం చూడలేదు. వెళ్లేటప్పుడు పాత జోడు వేసుకెళ్లింది, దానికి ఒక పుల్ల విరిగి ఉంది. కొత్తది ఇంట్లో ఉండిపోయింది. దాన్ని జేబులో పెట్టుకుని వెళ్లాను. పోలీసులు తీసుకొచ్చారు. పాప నన్ను చూసి తల దించుకుంది. జడ్జిగార్లు అందర్నీ బయటికి పంపించి, పాపని ఒక్కదాన్నే లోపలికి పిలిచారు. పన్నెండు నిమిషాలు. గడియారం చూస్తూనే ఉన్నాను. బయటికొచ్చాక బెంచ్ చెప్పింది: అమ్మాయి మేజర్, ఇష్టపడే వెళ్లింది, ఎక్కడికి వెళ్లాలన్నది ఆమె ఇష్టం. పిటిషన్ మూసేశారు.

కళ్లజోడు ఆడ కానిస్టేబుల్ చేతికిచ్చి ఇమ్మన్నాను. పాప అక్కడే పాతది తీసి కొత్తది పెట్టుకుని నావైపు చూసింది. ఆ చూపుతో ఇంటికొచ్చాను.

ఓడిపోయాననుకున్నాను చాలా రోజులు. ఇప్పుడు అలా అనుకోవట్లేదు. ఎవరైనా ఎత్తుకుపోయారేమో, కొట్టి ఉంచారేమో అని నాలుగు వారాలు అన్నం సహించలేదు నాకు. కోర్టు నాకు పిల్లని తెచ్చివ్వలేదు. పిల్ల బతికుంది, తన ఇష్టంతోనే ఉంది అని నా కళ్లకి చూపించింది. ఈ రిట్ ఇవ్వగలిగింది అంతే. భవానీపురం అన్నా, పిల్లని ఇంటికి తెప్పించుకోవడానికి ఇది పనికిరాదు. అది తెలుసుకోవడానికి నాకు చాలా ఖర్చయింది.

కొరిటెపాడు తల్లీ, పిటిషన్ వేయి. కానీ పోలీసులు తలుపు కొట్టినప్పుడు ఆ తండ్రి కాళ్లు వణుకుతాయి. వీలైతే వీధంతా చూసేలా పొద్దున్నే జీపు పెట్టొద్దని, మర్యాదగా వెళ్లమని మీ లాయర్‌తో చెప్పించు.

భవానీపురం బాబాయ్ · గురువారం ఉదయం 8:45

తెనాలి అన్నా, చదివాను. రెండుసార్లు చదివాను. మా పెద్దమ్మాయికి వచ్చే నెల 18 నిండుతాయి. ఇవాళ్టికి నేనేమీ వాదించను. ఒకటి మాత్రం అడుగుతాను, పద్దెనిమిది లోపు పిల్ల అయితే?

మంగళగిరి వకీలు · గురువారం ఉదయం 10:10

అప్పుడు సంగతే వేరండి. మైనర్ ఇష్టపడి వెళ్లినా చట్టం దాన్ని ఇష్టంగా లెక్కపెట్టదు. పిల్లల మీద లైంగిక నేరాల చట్టం పోక్సో వస్తుంది, కిడ్నాప్ సెక్షన్లు వస్తాయి. ఇంటికి వెళ్లనని పిల్ల భయపడితే మాత్రం బలవంతంగా అప్పజెప్పరు, బాలల సంక్షేమ కమిటీ చూసుకుంటుంది. కానీ పద్దెనిమిది నిండిన రోజు నుంచి కోర్టు "సూపర్ గార్డియన్", అంటే ఆమె తరఫున నిర్ణయించే పెద్దదిక్కు, అవ్వడానికి వీల్లేదు. ఈ మాట 2018లో సుప్రీంకోర్టే అంది. కేరళ తల్లి ఒకావిడ వేసిన కేసులో 18 ఏళ్ల కూతురు కువైట్‌లో నాన్న దగ్గరుంటానంటే సరే అన్నారు. అదే ఏడాది మార్చిలో హాదియా కేసు. ఆమె మేజరైన హోమియోపతి వైద్య విద్యార్థిని. కేరళ హైకోర్టు ఆమె పెళ్లినే కొట్టేసి తండ్రి ఇంటికి పంపితే, హెబియస్ కార్పస్ విచారణలో పెళ్లి రద్దుచేసే అధికారం లేదని సుప్రీంకోర్టు దాన్ని పక్కన పెట్టింది. ఈలోపు ఆమె నెలల తరబడి తండ్రి ఇంట్లోనే ఉండాల్సి వచ్చింది. ఆ నెలలు ఎవరూ తిరిగివ్వలేదు. అందుకే ఇలాంటి కేసుల్లో ఒక్క వాయిదా ఎక్కువైనా నేను ఊరుకోను. దేవు నాయర్ కేసులో ఇంకో మాట కూడా ఉంది: ఆ మనిషి మనసు మార్చడానికి కౌన్సెలింగ్ పేరుతో ఒత్తిడి చేయకూడదని.

కొరిటెపాడు అమ్మాయి · మరుసటి బుధవారం రాత్రి 8:20

అందరికీ. సోమవారం పిటిషన్ పడింది, లంచ్ మోషన్‌లో విన్నారు. న్యాయ సేవల కమిటీ నుంచి వచ్చిన లాయర్ మేడమ్ చుడీదార్ సంగతి అఫిడవిట్‌లో నేను రాసిన మాటల్లోనే పెట్టారు. బుధవారం హాజరుపరచమన్నారు. తెనాలి నాన్న గారూ, జీపు వద్దని మేడమ్ చెప్పారు. ఇద్దరు ఆడ కానిస్టేబుళ్లు మఫ్టీలో కారులో వెళ్లారు.

ఇవాళ తను వచ్చింది. చాలా సన్నబడింది. జడ్జిగార్లు చాంబర్‌లో తనొక్కదానితోనే మాట్లాడారు. ఇంటికి వెళ్లనంది. ఆ అబ్బాయి దగ్గరికి కూడా ఇప్పుడే వెళ్లనంది. పెళ్లి ఎప్పుడు చేసుకోవాలో నేనే అనుకుంటాను, నా హాస్టల్‌కి, నా ఉద్యోగానికి వెళ్తాను అందట. బెంచ్ అదే రాసి, హాస్టల్ దాకా పోలీసులు క్షేమంగా దింపాలని ఆర్డర్ ఇచ్చింది. అబ్బాయి మెట్ల దగ్గర నిలబడి ఉన్నాడు. విని తలూపాడు.

కారిడార్‌లో వాళ్ల నాన్న గారు గోడవైపు తిరిగి నిలబడ్డారు. వాళ్లమ్మ గారు దగ్గరికొచ్చి, మాట్లాడకుండా తన చున్నీ భుజం మీద సరిచేసి వెళ్లారు. తను అప్పుడే ఏడ్చింది, మొదటిసారి.

ఇప్పుడు నా పక్క మంచం మీద పడుకుని ఉంది. లైట్ ఆపొద్దంది, తలుపు గడియ కూడా వేయొద్దంది. తీసే ఉంచాను.

పటమట అక్క · బుధవారం రాత్రి 8:50

కొన్నాళ్లు అలాగే ఉంటుంది చెల్లీ. తీసే ఉంచు. సర్టిఫికెట్లు తెచ్చుకుందా? ఆధార్, పాన్, బీటెక్ మెమోలు? నావి ఏడాది పాటు ఇవ్వలేదు.

కొరిటెపాడు అమ్మాయి · బుధవారం రాత్రి 9:05

లేదక్కా, బీరువాలోనే ఉన్నాయట. బ్యాంకు పాస్‌బుక్కు కూడా. మేడమ్‌తో మాట్లాడాను. శనివారం పొద్దున ఆ కానిస్టేబుల్ అక్కతో నేను వెళ్తున్నాను. తనకి పాత చుడీదార్‌లు ఏమైనా కావాలా అని అడిగితే, పసుపుది వద్దంది.